పదహారు షిల్లింగుల చెంచా

పట్టాభిషేకాల కథ – 6వ భాగం

గత భాగాన్ని 1649 జనవరి 30 దగ్గర ఆపాం. లండన్‌లో ఆ రోజు ఎముకలు కొరికే చలి. వణికితే భయంతో వణికాడనుకుంటారని మొదటి చార్లెస్ రాజు రెండు చొక్కాలు తొడుక్కున్నాడు. వైట్‌హాల్‌లో బాంక్వెటింగ్ హౌస్ ముందు నల్లబట్ట కప్పి కట్టిన వేదిక ఎక్కాడు. ఆఖరి ఘడియల్లో మతగురువుగా ఆయన పక్కన నిలిచినవాడు బిషప్ విలియం జక్సన్. గొడ్డలి ఒక్క వేటుతో తల తెగింది. 1626లో తెల్లని దుస్తులతో వెస్ట్‌మినిస్టర్ అబేకి వెళ్ళి, తైలాభిషేకం పొంది, దేవుడు తప్ప తనను నిలదీసేవాడు లేడని నమ్మిన రాజు కథ అలా ముగిసింది.

గుంపులో పదిహేనేళ్ళ బడిపిల్లవాడు ఒకడు ఉన్నాడు. పేరు సామ్యూల్ పీప్స్. అతన్నీ, జక్సన్‌నీ గుర్తుంచుకోండి. పన్నెండేళ్ళ తర్వాత ఇద్దరూ మళ్ళీ ఒకే చోట కనబడతారు.

రాజు పోయాడు. మరి కిరీటం ఏమైంది?

టంకశాల పొయ్యిలోకి

ఇంగ్లండ్ రాజలాంఛనాలు అప్పట్లో రెండు చోట్ల ఉండేవి. ఒకటి వెస్ట్‌మినిస్టర్ అబే. 1066లో కన్నుమూసి, తర్వాతి కాలంలో పునీతుడిగా పూజలందుకున్న ఎడ్వర్డ్ రాజు తన లాంఛనాలను పట్టాభిషేకాల కోసం తమకే అప్పగించి వెళ్ళాడని అక్కడి సన్యాసులు తరతరాలుగా చెప్పుకున్నారు. రాజుకు అవి సొంతం కావు. పట్టాభిషేకం రోజున వాడుకుని తిరిగి ఇచ్చేయాలి. రెండోది లండన్ టవర్ కోట. రాజు పండుగలకూ సభలకూ ధరించే ట్యూడర్ల కాలపు పెద్ద కిరీటం, నగలు అక్కడ ఉండేవి.

అబేలో లాంఛనాలున్న పెట్టె మీద పార్లమెంటు చెయ్యి 1643లోనే పడింది. రాజుకూ పార్లమెంటుకూ మధ్య అంతర్యుద్ధం ముమ్మరంగా సాగుతున్న రోజులవి. రాచరికమంటే గిట్టని హెన్రీ మార్టెన్ అనే సభ్యుడు మనుషులతో వెళ్ళి పెట్టె తెరిపించాడు. అక్కడే జార్జ్ విదర్ అనే కవి రాజవస్త్రాలు కట్టుకుని, కిరీటం నెత్తిన పెట్టుకుని, రాజులా నడిచి అందరినీ నవ్వించాడని రాజపక్షం వాళ్ళు కోపంతో చెప్పుకున్నారు. తైలాభిషేకం పొందిన తల తప్ప మరొకటి తాకకూడదని ఆరు వందల ఏళ్ళు కాపాడిన వస్తువు చుట్టూ నవ్వులు వినబడ్డాయంటే, భయభక్తుల్లో సగం ఆ రోజే పోయాయన్నమాట.

1649లో పార్లమెంటు రాచరికాన్నే రద్దు చేసింది. రాజు ఆస్తుల్ని అమ్మెయ్యమని చట్టం చేసింది. బొమ్మలు, తివాచీలు, మంచాలు, వంటపాత్రలు అన్నిటికీ ధర కట్టారు. కిరీటాల విషయంలో మాత్రం ఆజ్ఞ వేరు. వాటిని పూర్తిగా విరగగొట్టాలి, ఆనవాలు మిగలకూడదు, రాళ్ళు అమ్మాలి, బంగారం టంకశాలకు పోవాలి. ఖజానాకు డబ్బు అవసరం ఉన్న మాట నిజమే. కానీ డబ్బే కావాలంటే కిరీటాన్ని కిరీటంగా అమ్మితే ఎక్కువ వచ్చేది. వాళ్ళకు కావలసింది ఇంకెవరి నెత్తికీ కిరీటం దొరక్కుండా చెయ్యడం.

ధరలు కట్టినవాళ్ళ జాబితా ఇప్పటికీ ఉంది. చదువుతుంటే మనసు చివుక్కుమంటుంది. ట్యూడర్ల పెద్ద కిరీటం విలువ 1,110 పౌండ్లు. ఆల్‌ఫ్రెడ్ రాజుదని రాసుకున్న, బంగారు తీగతో అల్లి రెండు చిన్న గంటలు కట్టిన పాత కిరీటం 248 పౌండ్ల 10 షిల్లింగులు. ఎడిత్ రాణి కిరీటం అంతవరకూ మేలిమి బంగారమని అందరి నమ్మకం. పరీక్షిస్తే వెండి మీద బంగారు పూత అని తేలింది. దానికి 16 పౌండ్లు వేశారు. చివర్లో కొమ్ముతో చేసిన పాత దువ్వెన ఒకటి ఉంది. తైలాభిషేకం అయ్యాక రాజు జుట్టు దువ్వడానికి వాడే దువ్వెన. దాని ఎదుట రాసింది ఒకటే మాట: విలువ లేదు.

టంకశాల కూడా ఆ టవర్ కోటలోనే ఉండేది. బంగారం గడప దాటకుండానే నాణేలుగా మారింది. ఆ కాలపు నాణేల మీద రాజు బొమ్మ లేదు, లాటిన్ అక్షరాలు లేవు. ఇంగ్లండ్ కామన్‌వెల్త్ అని జనం భాషలో రాసుంది. ఎడ్వర్డ్ కిరీటంలో ఏ తునక ఎవరి జేబులో ఏ నాణెమై, ఏ సంతలో రొట్టెకు మారిందో ఇక ఎవరూ చెప్పలేరు.

కాపాడిన చేతులు

ఆ అమ్మకాల్లో వెండిమీద బంగారు పూత పూసిన చెంచా ఒకటి బయటికొచ్చింది. పన్నెండో శతాబ్దపు పనితనం. గిన్నె మధ్యలో గట్టు ఉండి రెండు పాయలుగా ఉంటుంది. ఆర్చిబిషప్ రెండు వేళ్ళు ముంచి రాజు నుదుట, రొమ్మున తైలం పూయడానికి వీలుగా అలా చేశారంటారు. దాన్ని క్లెమెంట్ కినర్స్‌లీ అనే మనిషి 16 షిల్లింగులకు కొన్నాడు. రాజు మకాం మారినప్పుడల్లా తెరలూ తివాచీలూ సర్దించి పంపే శాఖలో ఆయన ఉద్యోగి. కొన్న చెంచాను కరిగించలేదు. తిరిగి అమ్మలేదు. పదకొండేళ్ళు దాచి, రాచరికం తిరిగొచ్చాక తెచ్చి ఇచ్చాడు. ఇంగ్లండ్ రాజలాంఛనాల్లో అంత పాతది నేడు ఆ చెంచా ఒక్కటే. 2023లో మూడో చార్లెస్ పట్టాభిషేకంలో తైలం పోసింది అందులోనే.

ఉత్తరాన స్కాట్లండ్‌లో మరో కథ నడిచింది. తండ్రి చనిపోయాక రెండో చార్లెస్‌కు స్కాట్‌లు 1651 జనవరి 1న స్కోన్‌లో పట్టం కట్టారు. అప్పటికే పార్లమెంటు సేనాని ఆలివర్ క్రామ్‌వెల్ సైన్యం స్కాట్లండ్‌లోకి చొచ్చుకొచ్చింది. స్కాట్లండ్ కిరీటం, ఖడ్గం, రాజదండం సముద్రపు కొండకొమ్మున ఉన్న డనాటర్ కోటలో చిక్కుకున్నాయి. చుట్టూ ముట్టడి. 1652లో అవి కోట నుంచి మాయమయ్యాయి. దాని వెనక ఉన్నది కినెఫ్ అనే పల్లెలోని మతగురువు భార్య క్రిస్టియన్ ఫ్లెచర్. మొగుడూ పెళ్ళాం కలిసి తమ చర్చి నేల తవ్వి అందులో పాతిపెట్టారు. మీద రాళ్ళు పరిచారు. ఎనిమిదేళ్ళు ఆ రాళ్ళ మీదే ఊరివాళ్ళు నిలబడి ప్రార్థన చేశారు. స్కాట్లండ్ లాంఛనాలు దక్కాయి. ఆనక పెద్ద బిరుదులు ఆ కోటతో సంబంధమున్న ప్రభువంశాల వాళ్ళకు పోయాయి.

కుర్చీ ఉంది, కిరీటం లేదు

రాజు లేని ఇంగ్లండ్‌కు 1653లో ఆలివర్ క్రామ్‌వెల్ రాజ్య సంరక్షకుడయ్యాడు. నాలుగేళ్ళకు పార్లమెంటే ఆయన దగ్గరికి వచ్చి రాజువి కమ్మంది. కారణం అర్థం చేసుకోదగ్గదే. రాజు ఏం చెయ్యవచ్చో, ఏం చెయ్యకూడదో వందల ఏళ్ళ చట్టం చెబుతుంది. సంరక్షకుడనే కొత్త పదవికి ఆ హద్దులు లేవు. రాజు అంటే జనానికి తెలిసిన మాట, కట్టెయ్యగల మాట. కానీ రాజును ఓడించిన సైన్యం ఆ మాట వింటేనే మండిపడింది. వారాల తరబడి ఆలోచించి 1657 మే నెలలో క్రామ్‌వెల్ కాదన్నాడు.

జూన్ 26న వెస్ట్‌మినిస్టర్ హాల్లో ఆయనకు రెండోసారి పదవీ స్వీకారం జరిగింది. మూడు వందల యాభై ఏళ్ళుగా అబే దాటని పట్టాభిషేక కుర్చీని ఆ రోజు హాలుకు మోయించారు. క్రామ్‌వెల్ అందులో కూర్చున్నాడు. ఊదారంగు రాజవస్త్రం కప్పారు. నడుముకు ఖడ్గం కట్టారు, చేతికి బంగారు దండం, బైబిలు ఇచ్చారు. ఒక్క కిరీటమే లేదు, తైలమూ లేదు. 1658 సెప్టెంబర్ 3న ఆయన చనిపోయాక, జనం దర్శనం కోసం సోమర్సెట్ హౌస్‌లో పెట్టిన మైనపు ముఖం బొమ్మకు మాత్రం కిరీటం పెట్టారు. బతికుండగా వద్దన్నది చచ్చాక వచ్చింది.

రాముడు అడవిలో ఉంటే భరతుడు సింహాసనం మీద పాదుకలు పెట్టి రాజ్యం ఏలాడని మనం చిన్నప్పటి నుంచీ వింటున్నాం. అక్కడ వస్తువు మామూలుది, దాని వెనక మనిషి మీద నమ్మకం గొప్పది. క్రామ్‌వెల్‌కు కుర్చీ, వస్త్రం, ఖడ్గం అన్నీ కుదిరాయి. తన తర్వాత కూడా నిలిచే నమ్మకం కుదరలేదు. కొడుకు రిచర్డ్ ఏడాది కూడా నిలవలేకపోయాడు.

అద్దె రాళ్ళ కిరీటం

చివరికి రాచరికమే తిరిగొచ్చింది. 1660 మే 29న, తన ముప్ఫయ్యో పుట్టినరోజున రెండో చార్లెస్ లండన్‌లో అడుగుపెట్టాడు. గంటలు మోగాయి, వీధుల్లో పూలు చల్లారు. పట్టాభిషేకం జరగాలి. పెట్టుకోవడానికి కిరీటం లేదు.

పాత ఆచారాలు తెలిసినవాళ్ళతో ఒక సంఘం వేశారు. పోయినవాటిని పాత పేర్లతో, పాత ఆకారాల్లో మళ్ళీ చేయించాలని వాళ్ళు నిర్ణయించారు. ఈ నిర్ణయంలోనే ఆ కాలపు తెలివంతా ఉంది. కొత్త రాజుకు కొత్త కిరీటం అని చెప్పి ఉంటే మధ్యలో రాజు లేని పదకొండేళ్ళను ఒప్పుకున్నట్టే. అందుకని కొత్త బంగారానికి సెయింట్ ఎడ్వర్డ్ కిరీటమని పాత పేరే పెట్టారు. తెగిన దారాన్ని ముడి కనబడకుండా కట్టారు.

పని స్వర్ణకారుడు రాబర్ట్ వైనర్ చేతికి వచ్చింది. రెండు కిరీటాలు, రాజదండాలు, బంగారు గోళం, మడమముళ్ళు, కంకణాలు, ఉంగరం, తైలం నింపడానికి గద్ద ఆకారంలో బంగారు పాత్ర. ఫిబ్రవరిలో అనుకున్న ముహూర్తం ఏప్రిల్‌కు జరిగింది. లాంఛనాల ఖర్చు 12,184 పౌండ్ల 7 షిల్లింగుల 2 పెన్నీలు తేలింది. ఆ డబ్బుతో మూడు యుద్ధనౌకలు వచ్చేవి.

ఇంత ఖర్చుపెట్టినా సెయింట్ ఎడ్వర్డ్ కిరీటానికి రాళ్ళు కొనలేదు. అద్దెకు తెచ్చి పొదిగి, పట్టాభిషేకం అయ్యాక ఊడదీసి తిరిగిచ్చేశారు. మిగిలింది బంగారు చట్రం. ఈ కిరీటంలో రాళ్ళు శాశ్వతంగా నిలిచింది 1911లో. అంటే రెండున్నర శతాబ్దాలు అది ఉత్త గూడు.

ఆ రాళ్ళ దగ్గర మనం ఒక క్షణం ఆగాలి. అప్పటికి బ్రెజిల్ వజ్రాలు బయటపడలేదు. యూరప్‌కు వజ్రాలు ముఖ్యంగా మన దేశం నుంచే వెళ్ళేవి. గోల్కొండ రాజ్యంలో, కృష్ణ ఒడ్డున కొల్లూరు గనిలో అరవై వేల మంది ఆడా మగా పిల్లలూ పనిచేస్తున్నారని ఫ్రెంచి వర్తకుడు టావెర్నియే రాసింది ఆ కాలం గురించే. వెస్ట్‌మినిస్టర్‌లో ఒక్క రోజు మెరవడానికి అద్దెకు వెళ్ళిన వజ్రాల్లో మన కూలీల చేతుల మీదుగా వెళ్ళినవి ఉండే ఉంటాయి.

1661 ఏప్రిల్ 23

ముందు రోజు రాజు టవర్ కోట నుంచి వైట్‌హాల్‌కు ఊరేగాడు. వీధుల్లో గులకరాయి పరిచారు. మేడల ముందు తివాచీలు వేలాడదీశారు. నగరంలో నాలుగు విజయతోరణాలు కట్టారు. టవర్ నుంచి బయల్దేరే ఊరేగింపు అదే ఆఖరు. తర్వాతి రాజులెవరూ ఆ ఖర్చుకు సిద్ధపడలేదు.

రాజు తల తెగడం చూసిన పిల్లవాడు సామ్యూల్ పీప్స్‌కు ఇప్పుడు ఇరవై ఎనిమిదేళ్ళు. నౌకాదళ కార్యాలయంలో మంచి ఉద్యోగం. రోజూ డైరీ రాస్తాడు. పట్టాభిషేకం నాడు తెల్లవారుజామున నాలుగింటికి లేచి అబేకి వెళ్ళాడు. తెలిసినవారి సాయంతో పరంజా మీద చోటు సంపాదించి పదకొండు దాకా ఓపిగ్గా కూర్చున్నాడు. రాజు వచ్చాడు. ప్రమాణం, తైలాభిషేకం, లాంఛనాల ధారణ ఒకదాని వెంట ఒకటి జరిగాయి. తీరా కిరీటం పెట్టే దృశ్యం పీప్స్‌కు కనబడలేదు. జనం పెట్టిన కేక మాత్రం వినబడింది. వెండి పతకాలు గుప్పిళ్ళతో విసిరితే ఒక్కటీ దొరకలేదు.

కిరీటం పెట్టినవాడు కాంటర్‌బరీ ఆర్చిబిషప్ విలియం జక్సన్. దాదాపు ఎనభై ఏళ్ళు. ఒంట్లో ఓపిక లేక క్రతువులో కొంత భాగం లండన్ బిషప్‌కు వదిలాడు. కానీ తైలం పూయడం, కిరీటం పెట్టడం తానే చేశాడు. పన్నెండేళ్ళ కింద తండ్రి మెడ దిమ్మ మీద పెట్టిన క్షణంలో పక్కనున్న మనిషి, ఈ రోజు కొడుకు తల మీద కిరీటం పెట్టాడు. ఆ చేతులు వణికే ఉంటాయని నాకనిపిస్తుంది, వయసు వల్ల మాత్రమే కాదు.

మూడు నెలల కింద, తండ్రి వర్ధంతి రోజైన జనవరి 30న, అబేలో పూడ్చిన క్రామ్‌వెల్ శవాన్ని తవ్వి తీసి టైబర్న్‌లో ఉరికొయ్యకు వేలాడదీశారు. పట్టాభిషేకం జరిగింది ఆ అబేలోనే. ఆనందంతో కేకలేసిన వాళ్ళకు ఆ సంగతి తెలియనిది కాదు.

చాందినీ కోసం కొట్లాట

అబే నుంచి అందరూ వెస్ట్‌మినిస్టర్ హాల్లో విందుకు కదిలారు. రాజు తల మీద ఆరు వెండి కర్రల చాందినీ, దాని కొసలకు చిన్న గంటలు. దాన్ని మోసే హక్కు సింక్ పోర్ట్స్ రేవుపట్టణాల ప్రతినిధులది. ఒకప్పుడు రాజుకు ఓడలు సమకూర్చినందుకు తరతరాలుగా దక్కిన గౌరవం అది. మోశాక చాందినీ, కర్రలు, గంటలు వాళ్ళకే చెందాలి. రాజు వెంట నడిచే సేవకులు మాత్రం అది తమదని లాక్కోబోయారు. రేవులవాళ్ళు వదల్లేదు. ఇద్దరూ చాందినీని ఈడ్చుకుంటూ హాలు చివరి దాకా పోయారు. ఆ గొడవ తేలేసరికి పాపం, విందులో రేవులవాళ్ళ చోట్లు వేరేవాళ్ళు ఆక్రమించేశారు. పట్టాభిషేకంలో ప్రతి పనికీ ఒక హక్కుదారు, ప్రతి హక్కుకూ ఒక పోటీదారు. పదకొండేళ్ళు రాజు లేకపోయినా ఆ హక్కులు ఎవరూ మరిచిపోలేదు.

విందు మధ్యలో రాజు తరఫు యోధుడు సర్ ఎడ్వర్డ్ డైమోక్ కవచం తొడుక్కుని గుర్రం మీదే హాల్లోకి వచ్చాడు. ఈయన రాజు కాదనేవాడెవడైనా ఉంటే ముందుకు రమ్మని సవాలు విసిరి ఇనుప తొడుగు నేలకు కొట్టాడు. ఎవరూ తియ్యలేదు. రాజు బంగారు గిన్నెలో ఆయన పేర తాగి, ఆ గిన్నెనే ఆయనకిచ్చాడు. పీప్స్ బల్లల మధ్య తిరిగి, ప్రభువుల వడ్డన నుంచి నాలుగు కుందేళ్ళూ ఒక కోడీ అడిగి తెచ్చుకుని తిన్నాడు. అంతదాకా తెరిపిచ్చిన వాన విందు అయ్యాక ఉరుములు మెరుపులతో విరుచుకుపడింది. కొందరు శుభమన్నారు, కొందరు అపశకునమన్నారు. రాత్రి వీధిలో మంటలు వేసి, కట్టెల మోపుల మీద మోకాళ్ళూనించి రాజు పేర తాగించారు. ఆడవాళ్ళనూ వదల్లేదు.

ముసలి కాపలాదారు

కొత్త లాంఛనాలు టవర్ కోటలోని మార్టిన్ బురుజుకు చేరాయి. కింది గదిలో తీగజాలి వెనక నగలు, పై గదుల్లో కాపలాదారు టాల్బట్ ఎడ్వర్డ్స్ కాపురం. డెబ్భై ఏడేళ్ళ ముసలాయన. జీతానికి బదులు చూడవచ్చినవాళ్ళ దగ్గర రుసుము తీసుకునేవాడు.

1671లో ఒక ఫాదరీ భార్యతో వచ్చాడు. ఆమె కడుపునొప్పని కూలబడితే ఎడ్వర్డ్స్ భార్య పైకి తీసుకెళ్ళి ఉపచారం చేసింది. ఫాదరీ కృతజ్ఞతగా చేతితొడుగులు తెచ్చిచ్చాడు. రాకపోకలు పెరిగాయి. మా మేనల్లుడికి ఏడాదికి 200 పౌండ్ల ఆదాయం ఉంది, మీ అమ్మాయిని చేసుకుంటాం అన్నాడు. ఆ ఇంట్లో ఎంత ఆనందం పొంగి ఉంటుందో! మే 9 పొద్దున్నే పెళ్ళివారు దిగారు. నగలు చూపించమన్నారు. గదిలోకి దిగగానే ముసలాయన తల మీద ముసుగు వేశారు, కొయ్య సుత్తితో కొట్టారు, పొట్టలో పొడిచారు. ఫాదరీ వేషంలో ఉన్నవాడు కల్నల్ థామస్ బ్లడ్, క్రామ్‌వెల్ పక్షాన పోరాడి రాజు రాకతో ఐర్లండ్‌లో భూములు పోగొట్టుకున్న మనిషి. అతను కిరీటాన్ని సుత్తితో అణగ్గొట్టి బట్టల్లో దాచాడు. మరొకడు గోళాన్ని దాచాడు. ఇంకొకడు దండాన్ని రెండు ముక్కలుగా కోయడం మొదలుపెట్టాడు. సరిగ్గా అప్పుడే, ఎన్నో ఏళ్ళ తర్వాత ఎడ్వర్డ్స్ కొడుకు ఫ్లాండర్స్ నుంచి ఇంటికొచ్చాడు. కేకలు, పరుగులు, కాల్పులు. కోట గుమ్మం దాటేలోపు దొంగలు దొరికారు.

రాజు ముందు తప్ప నోరు విప్పనని బ్లడ్ భీష్మించాడు. చార్లెస్ పిలిపించుకుని మాట్లాడి, క్షమించి, ఐర్లండ్‌లో ఏడాదికి 500 పౌండ్లు వచ్చే భూములిచ్చాడు. ఎందుకో నేటికీ ఎవరికీ అంతుపట్టదు. కత్తిపోటు తిన్న ముసలాయనకు చెప్పిన బహుమతి కొన్ని వందల పౌండ్లే. అదీ సకాలంలో అందక, రావలసిన దాన్ని సగం ధరకు అమ్ముకున్నాడు. 1674లో చనిపోయాడు. కిరీటం చేసిన వైనర్ గతీ అంతే. 1672లో రాజు బాకీలు చెల్లించడం ఆపేసినప్పుడు వైనర్‌కు రావలసింది నాలుగు లక్షల పౌండ్లకు పైనే. చివరికి దివాలా తీశాడు.

ఈ భాగానికి పేరు చెంచా మీద పెట్టింది అందుకే. రాజులు కిరీటం కోసం యుద్ధాలు చేశారు, పార్లమెంటు దాన్ని కరిగించింది. లాంఛనాల్లో మిగిలినవాటిని కాపాడినవాళ్ళు మాత్రం సామాన్లు సర్దే ఉద్యోగి, పల్లెటూరి ఇల్లాలు, ముసలి కాపలాదారు. వాళ్ళెవరూ కిరీటాన్ని ఎన్నడూ నెత్తిన పెట్టుకోలేదు. 16 షిల్లింగులు ఇచ్చి కినర్స్‌లీ కొనకపోయి ఉంటే, ఎడ్వర్డ్ కాలం నాటి సంప్రదాయమని చెప్పుకోవడానికి ఇంగ్లండ్ రాజుల చేతిలో పేరు తప్ప మరేమీ ఉండేది కాదు.

వచ్చే భాగంలో 1689 ఏప్రిల్ 11. తండ్రి రెండో జేమ్స్ ప్రవాసంలో బతికుండగానే కూతురు మేరీ, అల్లుడు విలియం ఒకే రోజు పట్టం కట్టుకుంటారు. రాజ్యానికి ఇద్దరు ఏలికలు, అబేలో ఒకటే కుర్చీ. హడావుడిగా రెండో కుర్చీ చేస్తారు, రెండో గోళం చేస్తారు. అంతకన్నా పెద్ద మార్పు వాళ్ళు పలికే ప్రమాణంలో వస్తుంది. పార్లమెంటు చేసిన చట్టం ప్రకారమే ఏలుతామని వాళ్ళు దేవుడి ఎదుట మాటివ్వాలి. తల తెగినా మొదటి చార్లెస్ ఒప్పుకోని ఆ మాటను వాళ్ళెలా ఒప్పుకున్నారో వచ్చే భాగంలో చూద్దాం.